కల్కి సంగతి

చిత్తూరు,
గురువారం రాత్రి

పాపా,

మీ హాస్టల్ వాళ్ళు ఫోన్ ఇచ్చే ఆ పది నిమిషాలూ నీ జలుబుకీ మార్కులకే సరిపోతున్నాయి. సరిపోకపోయినా ఇది నోటితో చెప్పే ధైర్యం నాకు లేదు, అందుకే కాగితం తీసుకున్నాను. నీ కల్కి చచ్చిపోయింది. నా చేతుల్లోనే.

తమ్ముణ్ణి అనుమానించొద్దు. వాడు వద్దు వద్దని మొత్తుకుంటూనే ఉన్నాడు. నువ్వెళ్ళాక ట్యాబ్ ఊరికే పడి ఉందని, రాత్రి కుట్టుమిషన్ మూసేశాక పావుగంట మైన్‌క్రాఫ్ట్ ఆటలో నీ ఇల్లు చూసి రావడం అలవాటైంది నాకు. అందులోని నీ గుర్రం కల్కి మేత లేక ఎండిపోతుందేమోనని మొదలుపెట్టానులే. కట్టేసి ఎన్ని నెలలు వదిలేసినా దానికి ఆకలి కాదని తర్వాత తెలిసింది. సోమవారం ఎక్కి కూర్చున్నాను. కొండ దిగుతుంటే కింద ఎర్రగా మెరిసింది. పొద్దుగుంకే ఎండనుకున్నా. లావా! ఆపడం ఎట్లాగో వెతుక్కునేలోపు ఇద్దరం అందులో ఉన్నాం. నేను నీ మంచం మీద లేచాను. అది లేవలేదు. జీను కూడా బూడిదైంది.

"ఆటే కదమ్మా, ఇంకోటి పట్టుకుందాం" అన్నాడు వాడు. నాకు మాత్రం బ్రహ్మోత్సవాల్లో ఎనిమిదో రోజు రాత్రి, అశ్వవాహనం మీద కల్కి అలంకారంలో స్వామిని చూసొచ్చి, బస్సులోనే నువ్వు ఆ పేరు ఖాయం చేయడం గుర్తొచ్చింది. ఆ రాత్రి నిద్ర పట్టలేదు.

గుర్రాలు అడవిలో దొరకవట, పచ్చిక మైదానాల్లో, సవానాల్లో మందలుగా తిరుగుతాయట. రెండు రాత్రులు నడిచాను. దారిలో లామా అని ఒంటెలాంటి జంతువొకటి దొరికితే సరేలే అని దాన్ని మచ్చిక చేసుకున్నాను. ఎక్కనిస్తుంది కానీ ఎటు పోవాలో మనం చెబితే వినదు, మీ నాన్న స్కూటర్ వెనక కూర్చున్నట్టే. దిగేశాను. ఈ ఆటలో ఏనుగు కూడా లేదట. 2025 మేలో అడవి ఏనుగుల్ని తరమడానికి కర్ణాటక వాళ్ళిచ్చిన 4 కుంకీ (శిక్షణ పొందిన) ఏనుగుల గురించి పలమనేరు వైపు ఇంకా కథలు కథలుగా చెప్పుకుంటుంటే, ఇందులో ఒక్కటైనా పెట్టకపోవడం ఏం న్యాయం?

చివరికి ఒక మంద కనిపించింది. తెల్లది లేదు. ముదురు గోధుమరంగుది ఒకటి మందకు కాస్త ఎడంగా నిలబడి ఉంది. చేతిలో ఏమీ లేకుండా ఎక్కాలన్నాడు తమ్ముడు. ఎక్కాను, ఎత్తి పడేసింది. మళ్ళీ ఎక్కాను, మళ్ళీ పడేసింది. పడేసినప్పుడల్లా దానికి మన మీద 5 పాయింట్ల నమ్మకం పెరుగుతుందట. చక్కెర పెడితే 3, బంగారు ఆపిల్ పెడితే 10. నీ పెట్టెలో బంగారు ఆపిల్స్ ఉన్నాయి, ముట్టుకోలేదు. చక్కెర మాత్రం అయిపోయింది.

మీ తాత కోడెల్ని కాడికి అలవాటు చేసేటప్పుడు నేను గట్టు మీద కూర్చుని చూసేదాన్ని. ముందు ముసలి ఎద్దుకు జతచేసి ఉత్త కాడి మెడ మీద పెట్టి తిప్పేవాడు. వారం తర్వాత వెనక ఒక మొద్దు కట్టేవాడు. సాయంత్రం కాడి దించగానే చెనక్కాయ చెక్క అరచేతిలో పెట్టి నాకించేవాడు. ఆ నాలుక గరుకుకు చెయ్యి ఎర్రబడేది. ఒక కోడె ఆయన్ని గట్టు మీది నుంచి కిందికి తోసేసింది. మోకాలు చీరుకుపోయింది. లేచి, పంచె దులుపుకుని, "దానికి నేనెవరో ఇంకా తెలీదు కదమ్మా" అన్నాడు. ఏడో సారి పడ్డప్పుడు నా నోట్లోంచి కూడా అదే మాట వచ్చింది, ట్యాబ్ ముందు కూర్చుని! తమ్ముడు పడీ పడీ నవ్వాడు. తొమ్మిదో సారి పడేయలేదు. దాని చుట్టూ గుండె గుర్తులు లేచాయి.

ఇక జీను. ఇదివరకు ఎక్కడైనా దొరికితేనే గతి అట, 2025 జూన్ అప్‌డేట్ నుంచి మనమే చేసుకోవచ్చు: 3 తోలు ముక్కలు, 1 ఇనుప కడ్డీ. తోలంటే ఆవును కొట్టాలి. నా వల్ల కాలేదు పాపా. బొమ్మ ఆవే, తెలుసు. అయినా ట్యాబ్ వాడి చేతికిచ్చి వంటింట్లోకి వెళ్ళిపోయాను. వాడు పని కానిచ్చి "అయిందమ్మా, రా" అని పిలిచాక వచ్చాను.

ఇప్పుడు అది నీ పాకలోనే ఉంది. కల్కి అంత ఎత్తు దూకదు, నీ కంచె దగ్గరే ఆగిపోతుంది. పరుగు మాత్రం దానికంటే జోరు. లావా ఉన్న వైపు దారికి అడ్డంగా రాళ్ళు పేర్చాను, వచ్చాక చూసి నవ్వొద్దు.

ఆదివారం మీ నాన్నా నేనూ తిరుపతి వస్తున్నాం. చెనక్కాయల పొడి, నీ నీలం స్వెటర్ తెస్తున్నాను, ఇంకేమైనా కావాలంటే ఫోన్ రోజు చెప్పు. నీ పెట్టెలో ఒక పేరు చీటీ మిగిలి ఉంది. కమ్మరి దాగలి దగ్గర పేరు రాసి గుర్రానికి తగిలించాలట. కల్కి అని మళ్ళీ పెట్టడానికి నాకు మనసొప్పలేదు. వేరే ఏదైనా ఆలోచించి ఉంచు.

అమ్మ