మార్సెల్ ఓఫుల్స్ గురించి నాలుగు ముక్కలు రాయండి సార్

ఎడిటర్ గారికి నమస్కారం,

2025 మే నెలలో ఫ్రెంచ్ డాక్యుమెంటరీ డైరెక్టర్ మార్సెల్ ఓఫుల్స్ 97 ఏళ్ళ వయసులో చనిపోయాడు, మన తెలుగు పేపర్లలో నా కంటికైతే ఎక్కడా కనపడలేదు, అందుకే ఈ ఉత్తరం.

పుట్టింది జర్మనీలో, యూదుల కుటుంబం, హిట్లర్ రాగానే 1933లో ఫ్రాన్స్ వచ్చేశారు, జర్మన్ సైన్యం అక్కడికీ వచ్చేసరికి మళ్ళీ అమెరికా. వాళ్ళ నాన్న మాక్స్ ఓఫుల్స్ కూడా పెద్ద డైరెక్టరే. ఈయన మొదట్లో బెల్మొండో లాంటి స్టార్లతో కామెడీలు తీశాడండీ, 1963లో ఒకటి ఆడింది, తర్వాతది పోయింది, దాంతో టీవీకి వెళ్ళాడు. ఆ ఫ్లాప్ మన అదృష్టం అంటాను నేను.

1969లో తీసిన 'ది సారో అండ్ ది పిటీ' నాలుగు గంటల పైనే ఉంటది, రెండో ప్రపంచ యుద్ధంలో ఫ్రాన్స్ జర్మన్ల కింద ఉన్నప్పుడు అక్కడి క్లెర్మాన్ ఫెరాన్ ఊళ్ళో ఎవరు ఏం చేశారు అనేదే మొత్తం. రైతులు, టీచర్లు, మాజీ ప్రధాని, జర్మన్ ఆఫీసర్, హిట్లర్ తరఫున యుద్ధానికెళ్ళిన ఫ్రెంచి పెద్దింటి మనిషి, అందరూ మాట్లాడతారు. ఒక షాపాయన ఉంటాడు, తన ఇంటిపేరు చూసి యూదుడనుకుంటారేమో అని నేను యూదుణ్ణి కాదు అని పేపర్లో ప్రకటన వేయించుకున్నాడు, ఓఫుల్స్ కోప్పడడు, నింపాదిగా అడుగుతూ పోతాడు, ఆయన చెప్పుకుంటూ దొరికిపోతుంటాడు. పేపర్ నడిపేవాళ్ళు చూడాల్సిన సీన్ అది.

ప్రభుత్వ టీవీ దీన్ని వెయ్యనంది. 1971లో పారిస్ థియేటర్లో పడింది, టీవీలోకి 1981లో గానీ రాలేదు. నాజీల ఆష్విట్జ్ మరణ శిబిరం నుంచి బతికొచ్చిన ఫ్రెంచి నాయకురాలు సిమోన్ వేయ్ కూడా వద్దన్నారు, ఫ్రెంచి వాళ్ళందర్నీ ఒకే గాటన కట్టేశాడని. ఆమె మాటలో కొంత న్యాయం ఉంది, యూదుల్ని ఇంట్లో దాచి కాపాడిన వాళ్ళూ ఉన్నారు కదా, అయినా టీవీలో చూపించకుండా పన్నెండేళ్ళు ఆపడం ఏంటండీ.

1988లో, ఫ్రాన్స్ లో ఎందరినో హింసించి చంపించిన నాజీ అధికారి క్లాస్ బార్బీ మీద తీసిన 'హోటల్ టెర్మినస్' కి ఆస్కార్ వచ్చింది. యుద్ధం అయ్యాక అలాంటోణ్ణి అమెరికా గూఢచారులే వాడుకుని బొలీవియా పంపించేశారు, అదంతా అందులో ఉంది.

మీ ఆదివారం సంచికలో హాలీవుడ్ గాసిప్ కి ఇచ్చే పేజీలో సగం ఇలాంటి వాళ్ళకిస్తే చాలు, ముందు ఈయనతోనే మొదలెట్టండి.

ఇట్లు,
మీ పాఠకుడు, విజయవాడ