మధ్యవర్తిత్వానికి ముందు ఆస్తుల లెక్క తేలాలి

విడాకుల కేసుల్లో ఆస్తి పంపకాలు తెగక దంపతులు ఏళ్ల తరబడి కోర్టుల చుట్టూ తిరగడానికి, మధ్యవర్తిత్వాన్ని మొదటి మెట్టుగా కాక ఆఖరి ప్రయత్నంగా చూడటం ఒక ముఖ్య కారణం. మా బంధువుల్లో ఒక జంట ఇల్లు ఎవరిదన్న ఒక్క ప్రశ్న మీద నాలుగేళ్లు వాయిదాలకు తిరిగింది. చివరకు మధ్యవర్తి ఎదుట మూడోసారి కూర్చున్నప్పుడు, ఇంటి విలువను, తీరని అప్పును, ఆమె తన జీతంలోంచి కట్టిన కిస్తీలను ఒకే కాగితంపై పక్కపక్కనే రాసి చూసుకున్నాక, ఇల్లు ఆమె ఉంచుకుని అతని వాటాను విడతలవారీగా చెల్లించేందుకు ఇద్దరూ ఒప్పుకున్నారు. ఆ కాగితం మొదటి నెలలోనే వారి ముందుకు వచ్చి ఉంటే ఎంత బాధ తప్పేదో! అయితే ఒకరు ఆస్తులు దాచినచోట, దెబ్బలు తిన్న మనిషి భయంతో తలూపేచోట ఇలాంటి రాజీ అన్యాయమే అవుతుంది. హింసతో ముడిపడిన వివాదాల్లో నిర్బంధ మధ్యవర్తిత్వాన్ని నిషేధించాలని మహిళలపై హింసను, గృహ హింసను అరికట్టేందుకు ఐరోపా మండలి చేసిన 2011 నాటి ఇస్తాంబుల్ ఒప్పందం 48వ అధికరణంలో, అందులో చేరిన దేశాలను కోరింది. కాబట్టి తొలి విచారణకు ముందే ఇరుపక్షాలూ ఖాతాలు, అప్పులు, పింఛను నిధుల వివరాలను ప్రమాణపూర్వకంగా సమర్పించాలి. మధ్యవర్తి ఇద్దరితో విడివిడిగా మాట్లాడి హింస, బెదిరింపు లేవని నిర్ధారించుకోవాలి. కుదిరిన ఒప్పందాన్ని ఎవరి న్యాయవాది వారికి చదివి వివరించాకే సంతకాలు తీసుకుని, దానికి కోర్టు డిక్రీతో సమానమైన బలం కల్పించాలి.