ఆకురాయి పట్టకుండానే ఫిట్టర్ సర్టిఫికెట్టా? మంత్రి గారికి చీమకుర్తి నుంచి ఒక ఉత్తరం

రాష్ట్ర నైపుణ్యాభివృద్ధి, శిక్షణ శాఖ మంత్రి గారికి నమస్కారాలు.

నేను చీమకుర్తిలో ఒక గ్రానైట్ ఫ్యాక్టరీలో మెయింటెనెన్స్ ఫిట్టర్‌ని. మా అన్న కొడుకు మన ప్రకాశం జిల్లాలోనే ఒక ప్రభుత్వ ఐటీఐలో ఫిట్టర్ ట్రేడు రెండో సంవత్సరం చదువుతున్నాడు. పదో తరగతి పాసయ్యాక వాడు ఇంటర్‌లో చేరతానంటే, నేను కూడా ఇరవై ఏళ్ల కిందట అదే ట్రేడు చేసి ఇల్లు నిలబెట్టుకున్నవాణ్ణి కదా, చేతిలో పని ఉంటే ఎక్కడైనా బతకొచ్చని మా అన్నావదినలకు నచ్చజెప్పి నేనే ఐటీఐలో చేర్పించాను. అందుకే ఈ ఉత్తరం నేనే రాయాల్సి వచ్చింది.

పోయిన నెలలో ఒక ఆదివారం వాణ్ణి మా ఫ్యాక్టరీకి తీసుకెళ్లాను. పాలిషింగ్ మెషిన్‌లో షాఫ్ట్ అరిగిపోతే ఒంగోలులో కొత్తది చేయించి తెచ్చాం. బేరింగ్ ఎక్కించే ముందు సైజు చూడరా అని వెర్నియర్, అంటే సన్నటి కొలతలు తీసే పరికరం, చేతికిచ్చాను. వాడు దాన్ని అటూ ఇటూ తిప్పి చూసి, "బాబాయ్, దీని మీద పరీక్షలో ప్రశ్న వచ్చింది, లీస్ట్ కౌంట్, అంటే అది కొలవగలిగే అతి చిన్న కొలత, 0.02 మిల్లీమీటర్లని కరెక్టుగానే పెట్టాను, కానీ మా దగ్గర ఇది బీరువాలోనే ఉంటుంది, ఎప్పుడూ పట్టుకోలేదు" అన్నాడు. చురుకైన పిల్లాడు సార్. కూర్చోబెట్టి చూపిస్తే పది నిమిషాల్లో రీడింగ్ చెప్పేశాడు. ఏడాదిన్నరలో ఆ పది నిమిషాలు వాడికి ఎవరూ ఇవ్వలేదు.

తర్వాత నెమ్మదిగా అడిగితే ఒక్కొక్కటీ చెప్పాడు. బ్యాచ్‌లో ఉన్నది 20 మంది. ఇనుప ముక్కలు సరిగ్గా రావు కాబట్టి పై బ్యాచ్ వాళ్లు పని నేర్చుకుని వదిలేసిన ముక్కనే వీళ్లకిచ్చి మళ్లీ ఆకురాయితో రుద్దమంటారట, అలా ఇద్దరు ముగ్గురి చేతులు మారేసరికి ఆ ముక్క పల్చబడి వైస్‌లో బిగిస్తే వంగిపోతుందట. ఇనుమును తిప్పుతూ చెక్కే లేత్ మెషిన్లు మూడున్నాయి, తిరిగేది ఒకటి. వీళ్ల ఫిట్టర్ సార్ బదిలీ అయ్యాక ఆ పోస్టులోకి ఎవరూ రాలేదు, వెల్డింగ్ సారే ఇక్కడికీ అక్కడికీ తిరుగుతున్నారు. ఆయన్ని నేను ఒక్క మాట కూడా అనను, రెండు షెడ్ల మధ్య ఒక్క మనిషి ఏం చేయగలడు?

మా రోజుల్లో మొదటి రెండు నెలలూ ఆకురాయితోనే గడిచాయి. మూరెడు ఇనుప పట్టీ ఇచ్చి హ్యాక్‌సాతో కోసుకోమనేవారు, అంచు సమంగా వచ్చేదాకా రుద్దాలి, అరచేతులు బొబ్బలెక్కేవి. సార్ వచ్చి ముక్క మీద ట్రై స్క్వేర్, అంటే మూలమట్టం, ఆనించి కిటికీ వైపు ఎత్తి పట్టుకునేవారు, సందులోంచి సన్నగా వెలుతురు కనిపించిందంటే మళ్లీ మొదటికి. అప్పుడు తిట్టుకున్నాను గానీ, ఇవాళ బేరింగ్ ఎక్కించేటప్పుడు ఎక్కడ బిగుతుగా ఉందో, ఎక్కడ వదులుగా ఉందో నా వేళ్లకు తెలిసిపోతుందంటే ఆ కిటికీ వెలుతురు వల్లే. షాఫ్ట్ కాస్త లావైనా బేరింగ్ వేడెక్కి కాలిపోతుంది, లైనంతా ఆగిపోతుంది. ఇప్పటి పరీక్షలోలా కంప్యూటర్ ముందు కూర్చుని నాలుగింటిలో ఒక జవాబు ఎంచుకుంటే ఇది రాదు.

సిలబస్‌లో తప్పేమీ లేదు. 2022లో మార్చిన సిలబస్‌లో ఫిట్టర్‌కి ఏడాదికి 1200 గంటల శిక్షణ పెట్టారు, అందులో 840 గంటలు ప్రాక్టికలే, అది కాక ఏదైనా పరిశ్రమలో 150 గంటల ఆన్ ద జాబ్ ట్రైనింగ్ ఉండాలి. చదివితే ఎంత బాగుందో! మావాడి 840 గంటల్లో నిజంగా చేతిలో పనిముట్టు ఉన్న గంటలెన్నో లెక్కపెట్టమన్నాను, వాడు కాసేపు ఆలోచించి తల దించుకున్నాడు. 150 గంటల సంగతైతే, తెలిసిన షాపులో ఒక కాగితం మీద సంతకం పెట్టించుకు రమ్మన్నారట, అంతటితో అయిపోయింది.

ఇదంతా ఎక్కడో పరిశ్రమలు లేని చోట జరిగిందంటే సరే అనుకోవచ్చు. చీమకుర్తి బ్లాక్ గెలాక్సీ గ్రానైట్ ప్రపంచమంతా వెళ్తుంది, నల్లటి రాయిలో బంగారు చుక్కలు మెరుస్తుంటాయి, మీరూ చూసే ఉంటారు. ఇక్కడి క్వారీల్లో డైమండ్ వైర్ సాలు, కంప్రెసర్లు, ఎక్స్‌కవేటర్లు, ఫ్యాక్టరీల్లో గ్యాంగ్ సాలు, పాలిషింగ్ లైన్లు, గాంట్రీ క్రేన్లు. అటు నెల్లూరు వైపు వెళ్తే కృష్ణపట్నం పోర్టు, నేలటూరు థర్మల్ స్టేషన్. ఫిట్టర్, ఎలక్ట్రీషియన్, వెల్డర్, డీజిల్ మెకానిక్ లేకుండా వీటిలో ఏ ఒక్కటైనా ఒక్కరోజు నడుస్తుందా? మా ఫ్యాక్టరీలో నాతోపాటు రిపేర్లు చేసేవాళ్లలో ఎక్కువమంది బయటి రాష్ట్రాల కుర్రాళ్లే. వాళ్లు మంచివాళ్లు, కష్టపడతారు, వాళ్లొచ్చి మా పిల్లల పని లాక్కున్నారని నేను చెప్పడం లేదు. పక్క ఊరి కుర్రాడు సర్టిఫికెట్ పట్టుకొచ్చినా మా సూపర్‌వైజర్ హెల్పర్‌గానే తీసుకుంటాడు, ఎందుకంటే పోయినసారి వచ్చినవాడికి పని రాలేదు. ఆ పేరు తర్వాత వచ్చే ప్రతివాడికీ అంటుకుంటోంది.

2025 మేలో కేంద్రం 60,000 కోట్ల రూపాయలతో దేశంలో 1000 ఐటీఐలను బాగుచేసే పథకానికి ఆమోదం తెలిపింది, అందులో రాష్ట్రాల వాటా కూడా ఉంది. ఆ డబ్బులో మన జిల్లాకు వచ్చేది దయచేసి ముందు వర్క్‌షాపులో ఖర్చుపెట్టండి. ఏటా జూన్‌లోనే ఇనుప పట్టీలు, వెల్డింగ్ రాడ్లు, హ్యాక్‌సా బ్లేడ్లు ఆ ఏడాదికి సరిపడా చేరాలి, ప్రిన్సిపాల్ వంద రూపాయల బ్లేడు ప్యాకెట్‌కి కూడా పైకి రాసి ఎదురుచూసే పరిస్థితి ఉండకూడదు. ట్రేడుకొక సార్ ఉండాలి. పర్మనెంట్ పోస్టులు ఆలస్యమవుతాయంటే, నాలాంటి వాళ్లు, నాకంటే బాగా పనితెలిసి రిటైరైనవాళ్లు చీమకుర్తిలోనూ ఒంగోలులోనూ ఉన్నారు, వారానికి రెండు రోజులు పిలిపించుకున్నా వస్తారు. నన్ను పిలిస్తే పైసా తీసుకోకుండా వస్తాను.

అప్రెంటిస్ సంగతి కూడా చూడండి. 30 మంది, ఆపైన పనిచేసే ప్రతి సంస్థా కనీసం 2.5 శాతం అప్రెంటిస్‌లను పెట్టుకోవాలని రూలుంది. మా చుట్టుపక్కల అలాంటి ఫ్యాక్టరీలు ఎన్ని ఉన్నాయో, వాటిలో అప్రెంటిస్‌లు ఎంతమందో ఒక్కసారి లెక్క తీయించండి. మా యజమానులు కూడా కాదనరనే నా నమ్మకం, ఎవరూ వచ్చి అడగలేదు అంతే. ఒక్క మాట, రాతి దుమ్ములో పని కాబట్టి పిల్లల్ని పంపేటప్పుడు మాస్కులూ తడి కటింగూ ఉన్న చోటికే పంపాలి, రాతి దుమ్ము వల్ల ఊపిరితిత్తులకొచ్చే సిలికోసిస్ జబ్బుతో దగ్గి దగ్గి పోయినవాళ్లను నేను చూశాను.

మావాడికి ఇంకా కొన్ని నెలలే ఉన్నాయి. ఆదివారం ఆదివారం నా దగ్గరికొస్తున్నాడు, మా సూపర్‌వైజర్‌ని బతిమాలి ఒక బెంచ్ వైస్ అడిగి తీసుకున్నాను, తుక్కులోంచి ముక్కలు ఏరి ఇస్తుంటే రుద్దుతున్నాడు, మొన్న మొదటిసారి ట్రై స్క్వేర్ కింద వెలుతురు కనిపించలేదు. వాడికి బాబాయ్ ఉన్నాడు. వాడి బ్యాచ్‌లో మిగతా 19 మందికి ఎవరున్నారు సార్?

మీరు ఈసారి మా జిల్లాకొచ్చినప్పుడు ముందు చెప్పకుండా ఏదో ఒక ఐటీఐకి వెళ్లండి. నేరుగా ఫిట్టర్ షెడ్డులోకి వెళ్లి, ఎదురుగా కనిపించిన కుర్రాణ్ణి ఒక ముక్క కోసి చూపించమని అడగండి. వాడికి కొత్త బ్లేడు ఉందో లేదో చూడండి.

ఇట్లు,
చీమకుర్తి నుంచి ఒక ఫిట్టర్