జార్ల చరిత్ర అంటే రాస్‌పుటిన్, రత్నాల గుడ్లేనా?

ఎడిటర్ గారికి నమస్కారం,

పోయిన ఆదివారం మీ అనుబంధంలో రష్యాని ఏలిన జార్ల, అంటే చక్రవర్తుల మీద వేసిన రెండు పేజీల కథనం చదివాను. ఫొటోలు బాగున్నాయి, కాదనను, కానీ అందులో ఉన్నదంతా రాజకుటుంబానికి దగ్గరైన రాస్‌పుటిన్ అనే సాధువు మహిమలు, ఫాబెర్జే అనే నగల కంపెనీ వాళ్ల కోసం చేసిన రత్నాల గుడ్లు, కేథరిన్ రాణిగారి ప్రియులు, చివర్లో 1918లో ఆఖరి జార్ నికొలస్ కుటుంబాన్ని కాల్చి చంపడం, అంతే. 1613 నుంచి 1917 దాకా ఏలిన వంశం గురించి రాస్తూ వాళ్ల కింద బతికిన రైతు గురించి ఒక్క పేరా లేకపోతే ఎలాగండీ? రెండో అలెగ్జాండర్ పేరు ఒక్క లైన్లో వచ్చింది, సెర్ఫులకి, అంటే దొర భూమికి కట్టుబడి బతికే రైతులకి, స్వేచ్ఛ ఇచ్చిన జార్ అని. ఆ లైన్ చూశాకే ఈ ఉత్తరం రాయాలనిపించింది, ఎందుకంటే ఆ స్వేచ్ఛకి బిల్లు కూడా వేశారు, ఆ బిల్లు రైతులే కట్టారు, అదీ 49 ఏళ్ల వాయిదాల మీద.

సెర్ఫు బతుకు ఎలాంటిదంటే, వారంలో సగం రోజులు దొర పొలంలో వెట్టి చెయ్యాలి, లేదంటే ఏడాదికి ఇంత అని డబ్బు కట్టాలి. పెళ్లికి దొర ఒప్పుకోవాలి, దొర అమ్మేస్తే కొన్నవాడి వెంట పోవాలి. వెట్టి అంటే ఏంటో మా తెలంగాణ పల్లెల్లో పెద్దవాళ్లకి ఎవరూ చెప్పక్కర్లేదు. దార్యా సాల్తికోవా అనే దొరసాని తన మనుషుల్ని కొట్టి చంపుతోందని 1762లో ఇద్దరు సెర్ఫులు ఎలాగో కేథరిన్ దాకా ఫిర్యాదు చేర్చారు, ఆరేళ్లు విచారణ జరిగి 38 మందిని చంపిందని తేలింది, ఆమెకి యావజ్జీవం వేశారు. కానీ ఆ విచారణ నడుస్తుండగానే 1767లో అదే కేథరిన్, సెర్ఫులు దొరల మీద ఫిర్యాదు చెయ్యడమే నేరం అని ఉత్తర్వు ఇచ్చింది. ఆమె గురించి రాసేటప్పుడు ప్రియుల కంటే ముందు రాయాల్సింది ఇది కదా.

రెండో అలెగ్జాండర్ 1855లో గద్దె ఎక్కేనాటికి క్రిమియా యుద్ధంలో రష్యా ఓడిపోతోంది. 1856లో మాస్కోలో దొరలందరి ముందు ఆయన చెప్పింది ఒకటే, ఈ పద్ధతిని కింద నుంచి వాళ్లే కూలగొట్టేదాకా చూసే కంటే పైనుంచి మనమే తీసేయడం మంచిది అని. 1861 ఫిబ్రవరి 19న, వాళ్ల పాత క్యాలెండర్ ప్రకారం, సంతకం పెట్టాడు, రెండు కోట్ల మందికి పైగా సెర్ఫులకి విముక్తి వచ్చింది. అమెరికాలో లింకన్ ప్రకటన కంటే రెండేళ్లు ముందు. అది చిన్న పని కాదు, ఆ గౌరవం ఆయనకి ఇవ్వాల్సిందే.

కానీ లెక్క చూడండి. స్వేచ్ఛతో పాటు వచ్చిన భూమికి రైతు దొరకి ధర కట్టాలి. అప్పటిదాకా రైతు దొరకి ఏడాదికి 10 రూబుళ్లు కడుతున్నాడనుకోండి, ఎంత సొమ్ముకి 6 శాతం వడ్డీ వేస్తే ఆ 10 రూబుళ్లు వస్తుందో అదే భూమి ధర అన్నారు, అంటే దాదాపు 167 రూబుళ్లు. పొలం పండుతుందా లేదా అన్నదానితో పని లేదు. ఉత్తరాన చలి ప్రాంతాల్లో రైతు ఊళ్లు తిరిగి కూలి చేసి తెచ్చి కట్టిన డబ్బు కూడా ఇందులోకే వచ్చింది, అంటే భూమి పేరు చెప్పి మనిషికే రేటు కట్టారు. అందులో 80 శాతం సర్కారు దొరకి బాండ్ల రూపంలో ఇచ్చింది, మిగతాది రైతు నేరుగా దొరకి ఇచ్చుకోవాలి. సర్కారు ఇచ్చిన 133 రూబుళ్లకి రైతు ఏడాదికి 8 చొప్పున 49 ఏళ్లు కట్టాలి, మొత్తం 392. పైగా ఊరంతా కలిసి బాధ్యత, ఒకడు కట్టలేకపోతే మిగతావాళ్ల మీద పడేది, ఊరు దాటి పనికి పోవాలంటే పాస్‌పోర్ట్ అనే అనుమతి కాగితం కావాలి. చాలా చోట్ల అప్పటిదాకా దున్నుకుంటున్న భూమిలోంచి కూడా కొంత కోసి దొరలకి ఇచ్చేశారు. దొర ఇంట్లో పనిచేసేవాళ్లకైతే భూమే లేదు.

రైతులు దీన్ని నమ్మలేకపోయారు. జార్ అసలు కాగితంలో పూర్తి స్వేచ్ఛ ఇచ్చాడు, దొరలు దాచేశారు అనుకున్నారు. కజాన్ వైపు బెజ్ద్నా అనే ఊళ్లో అంతోన్ పెత్రోవ్ అని కాస్త చదువొచ్చిన రైతు ఆ చట్టం పుస్తకం ముందేసుకుని వెతికి వెతికి ఇదిగో స్వేచ్ఛ దొరికింది, భూమి మనదే అన్నాడు, చుట్టుపక్కల ఊళ్ల నుంచి వేల మంది వచ్చి ఆయన ఇంటి చుట్టూ నిలబడ్డారు. 1861 ఏప్రిల్‌లో సైన్యం వచ్చి కాల్పులు జరిపితే 50 మందికి పైగా చనిపోయారు, చేతుల్లో ఆయుధాలు లేని మనుషులు. పెత్రోవ్ ఆ పుస్తకాన్ని నెత్తి మీద పెట్టుకుని బయటికొచ్చాడు, వారం తిరక్కుండా అతన్నీ కాల్చి చంపారు. జార్ మాటనే పట్టుకుని నిలబడినవాడిని జార్ సైన్యమే చంపింది.

1881 మార్చి 1న పీటర్స్‌బర్గ్‌లో కాలువ గట్టు మీద విప్లవకారులు వేసిన మొదటి బాంబు నుంచి బయటపడ్డ అలెగ్జాండర్ బండి దిగాడు, రెండో బాంబుకి పోయాడు, ఇది అందరూ రాస్తారు. ఆ తర్వాత కూడా రైతులు వాయిదాలు కడుతూనే ఉన్నారని ఎవరూ రాయరు. 1905లో ఊళ్లకి ఊళ్లు తిరగబడి దొరల బంగళాలు తగలబెట్టాక గానీ నికొలస్ సర్కారు దిగిరాలేదు, మరుసటి ఏడాది సగానికి తగ్గించి 1907 జనవరి 1 నుంచి పూర్తిగా ఎత్తేసింది. నా ఉద్దేశంలో ఆ వంశం పడిపోవడానికి రాస్‌పుటిన్ కంటే ఈ బాకీయే పెద్ద కారణం.

గ్రూప్స్‌కి చదివే పిల్లలు కూడా మీ పేపర్ కత్తిరించి దాచుకుంటారు, వాళ్లకి 1861 అనే సంవత్సరం ఒక్కటే తెలిస్తే సరిపోదు. ఈ విషయం బాగా తెలిసిన హిస్టరీ ప్రొఫెసర్లు మన యూనివర్సిటీల్లో ఉన్నారు, దయచేసి వాళ్లలో ఒకరితో 1861 నుంచి 1907 దాకా రష్యా రైతు వైపు నుంచి ఒక కథనం రాయించి వేయండి.

ఇట్లు,
మీ పాఠకుడు, కరీంనగర్