ఆర్టిచోక్‌కు నీళ్లు, ఎరువు: దశను బట్టి చెప్పండి

సంపాదకులు గారికి,

నమస్కారం. మీ పత్రికలోని పెరటి తోటల శీర్షికలో ఆర్టిచోక్ పెంపకంపై ఇచ్చిన సూచనలు చదివాను. మొక్కల మధ్య ఎడం గురించి, తెగుళ్ల గురించి చెప్పిన విషయాలు ఉపయోగకరంగానే ఉన్నాయి గానీ, ‘రోజూ నీళ్లు పోయాలి, పదిహేను రోజులకోసారి ఎరువు వేయాలి’ అన్న ఒక్క వాక్యంతో అసలు సంగతిని దాటవేశారు. పొద్దుతిరుగుడు కుటుంబానికి చెందిన ఈ మొక్కలో మనం తినేది విచ్చుకోని పూమొగ్గను. ఆ మొగ్గ బిగువుగా, కండపట్టి వస్తుందా, లేక పీచుదేలి పొలుసులు విడిపోయి వస్తుందా అన్నది చాలావరకు నీళ్లూ నత్రజనీ ఏ దశలో ఎలా అందాయన్న దానిపైనే ఆధారపడుతుంది కనుక ఈ వివరణ అవసరమని భావిస్తున్నాను.

ఆర్టిచోక్ పుట్టింది మధ్యధరా తీరంలో. అక్కడ చలికాలపు వానలతో ఏపుగా పెరిగి, పొడి వేసవిలో పైభాగం ఎండిపోయినా మొదలు బతికే ఉండి, మళ్లీ చల్లబడగానే పిలకలు వేయడం దాని స్వభావం. అందువల్ల ఇది బెట్టను తట్టుకునే మొక్క అని కొందరు, ఆకులు అంత పెద్దవి కనుక నిత్యం తడుపుతూ ఉండాలని మరికొందరు అనుకుంటారు. నిజానికి మొక్క బెట్టకు ఓర్చుకుంటుంది, మొగ్గ ఓర్చుకోదు. మొగ్గ తయారయ్యే వారాల్లో నేల ఒక్కసారి బాగా ఎండితే చాలు, పొలుసుల కొసలు నల్లబడతాయి, మొగ్గ చిన్నదిగానే ఉండి ముందే విచ్చుకోవడం మొదలుపెడుతుంది. నీటి ఎద్దడి లేకుండా పెరిగిన తాజా మొగ్గను చేతిలోకి తీసుకుని నొక్కితే పొలుసులు ఒకదానికొకటి రాసుకుని కిర్రుమంటాయి. బెట్ట తగిలిన మొగ్గ మెత్తగా, చప్పుడు లేకుండా అణుగుతుంది.

అయితే దీనికి మందు రోజూ చెంబెడు నీళ్లు కాదు. అలా పోస్తే పైన రెండు మూడు అంగుళాల మట్టి మాత్రమే తడిసి, వేళ్లు కిందికి దిగవు. పైగా మొదలు దగ్గర ఎప్పుడూ చెమ్మ నిలిచి కుళ్లు పట్టే ప్రమాదం ఉంది. ఎదిగే కాలంలో వారానికి సుమారు 25 నుంచి 35 మిల్లీమీటర్ల తడి, అంటే చదరపు మీటరుకు 25 నుంచి 35 లీటర్లు, రెండు దఫాలుగా నిదానంగా ఇంకేలా ఇస్తే నీరు మరింత లోతుకు వెళుతుంది. ఇసుక నేలకు దఫాలు పెంచుకోవాలి, బంకమట్టికి తగ్గించాలి, వాన పడితే ఆ మేరకు మానుకోవాలి. వేలు లోతుకు గుచ్చి చూస్తే తెలిసే విషయానికి క్యాలెండరు అక్కరలేదు. మిట్టమధ్యాహ్నం ఆకులు వాలిపోయినంత మాత్రాన నీళ్ల కోసం పరుగెత్తనవసరం లేదు. సాయంత్రానికి అవే తేరుకుంటాయి. తెల్లవారాక కూడా వాలే ఉంటే మాత్రం, నేల తడిగా ఉందో లేదో చూసి మరీ నిర్ణయించుకోవాలి, ఎందుకంటే వేరుకుళ్లు సోకిన మొక్క కూడా అచ్చం అలాగే వాడుతుంది. నీళ్లు పాదులోకి పెట్టడమే మంచిది. మొగ్గల మీద తడి నిలిస్తే బూజు వస్తుంది. పాదులో ఎండుటాకులో గడ్డో పరిస్తే చెమ్మ నిలకడగా ఉంటుంది, కానీ ఆ పరుపు మొదలును తాకకూడదు.

ఇక ఎరువు. ఇది తిండిపోతు మొక్క, అందులో సందేహం లేదు. నాటే ముందే బాగా చివికిన పశువుల ఎరువును గానీ కంపోస్టును గానీ రెండు మూడు అంగుళాల మందాన పరిచి మట్టిలో కలపాలి. భాస్వరం, పొటాష్ మట్టి పరీక్షను బట్టి వేస్తే సరిపోతుంది. పైపాటుగా పదే పదే అడిగేది నత్రజనే. ఆకులు పెరిగే దశలో మూడు నాలుగు వారాలకోసారి కొద్దిపాటి మోతాదు అందితే, మొగ్గలను మోయగల బలమైన ఆకుల గుబురు తయారవుతుంది. మొగ్గలు కనబడ్డాక కూడా అదే జోరున వేస్తే ఆకులు పెరుగుతాయి తప్ప మొగ్గలు పెరగవు, లేత చిగుళ్లకు పేనుబంక కూడా ఎగబడుతుంది.

మీ శీర్షికలో ఎరువు మోతాదును చెంచాల్లో చెప్పి, అది ఏ ఎరువో చెప్పలేదు. యూరియాలో నత్రజని 46 శాతం, అమ్మోనియం సల్ఫేట్‌లో 21 శాతం. ఒకే తూకం వేసినా ఒకటి రెండోదానికి రెట్టింపు కన్నా ఎక్కువ నత్రజనిని ఇస్తుంది. గుళికలను మొదలుకు జానెడు దూరంలో చుట్టూ చల్లి, మట్టి కప్పి, వెంటనే తడి ఇవ్వాలని, ఆకుల పంగల్లో చిక్కుకున్న గుళికలను దులిపేయాలని కూడా చెప్పి ఉండాల్సింది. అవి అక్కడే కరిగితే ఆకు మాడిపోతుంది. ఎండిన నేలలో ఎరువు వేసి నీళ్లు మరవడం కన్నా అసలు వేయకపోవడమే మేలు. కుండీల్లో పెంచేవారికి ఈ లెక్క మారుతుంది: నీటితోపాటు పోషకాలూ కిందికి కొట్టుకుపోతాయి గనుక పలుచటి మోతాదులో తరచుగా ఇవ్వాలి. మట్టిపై తెల్లటి పొర కనబడితే ఎరువు ఆపి, మంచినీటితో ఒకసారి బాగా కడగాలి.

కోతలు అయ్యాక ఎండిన కాడలను నేలమట్టానికి కోసి, వేడి ప్రాంతాల్లోనైతే మొక్కకు విశ్రాంతినిచ్చేలా తడులు తగ్గించాలి. ఆ సమయంలో ఎరువు వృథా. కొత్త పిలకలు కనబడినప్పుడు కంపోస్టు వేసి మళ్లీ తడులు మొదలుపెడితే, అదే మొదలు మరికొన్నేళ్లు కాస్తుంది.

ఇకముందు ఇటువంటి సూచనలు ప్రచురించేటప్పుడు నేల రకం, మొక్క దశ, ఎరువు పేరు ఈ మూడూ తప్పనిసరిగా పేర్కొనవలసిందిగా కోరుతున్నాను.

భవదీయుడు,
పెరటి తోట పెంచుతున్న ఒక పాఠకుడు