గుర్రం సరే, గుడారం కథ ఏది?

సంపాదకులకు నమస్కారం.

గత ఆదివారం మీ పిల్లల పేజీలో వచ్చిన ట్రాయ్ యుద్ధం కథ చదివాను. బొమ్మలు ముచ్చటగా ఉన్నాయి. కథలో మాత్రం, ప్రాచీన గ్రీకు కవి హోమర్ రాసిన ‘ఇలియడ్’ కావ్యం, గ్రీకులు లోపల దాక్కుని ట్రాయ్ కోటలో చొరబడిన చెక్కగుర్రంతో ముగుస్తుందనీ, అందులో గ్రీకు వీరుడు అకిలీస్ మడమకు బాణం తగిలి చనిపోతాడనీ వేశారు. ఇలియడ్‌లో ఆ రెండూ లేవు. ఉన్నత పాఠశాలలో సాంఘిక శాస్త్రం చెప్పి రిటైరైన దాన్ని. తప్పు కనబడితే ఎర్ర సిరా కలం వెతుక్కోకుండా ఉండలేను, ఏమీ అనుకోకండి.

ఇలియడ్‌లో మొత్తం 24 సర్గలు. పదేళ్ళ యుద్ధాన్ని మొదటి నుంచి చివరి దాకా చెప్పే కావ్యం కాదది. పదో ఏట కొద్ది వారాల్లో జరిగిన సంగతులే అందులో ఉంటాయి. అకిలీస్ కోపంతో మొదలై, అతడు చంపిన ట్రాయ్ రాకుమారుడు హెక్టర్‌కు ట్రాయ్ వాళ్ళు అంత్యక్రియలు చేయడంతో ఆగిపోతుంది. అప్పటికి అకిలీస్ బతికే ఉన్నాడు, కోట కూడా కూలలేదు. అతడికి చావు దగ్గరపడిందని సొంత రథాశ్వమే నోరు తెరిచి చెబుతుంది. నా తమ్ముడు పారిస్, దేవుడు అపోలో కలిసి నిన్ను కూలుస్తారని హెక్టర్ ప్రాణం పోతూ చెబుతాడు. మడమ ఊసు మాత్రం ఎవరూ ఎత్తరు.

ఒళ్ళు వజ్రం కావాలని తల్లి థీటిస్ పసివాడైన అకిలీస్‌ను పాతాళంలోని స్టిక్స్ నదిలో ముంచిందన్న కథ (ఆమె పట్టుకున్న మడమ మాత్రం తడవలేదంటారు), మనకు దొరికిన గ్రంథాల్లో, క్రీ.శ. 1వ శతాబ్దంలో స్టేషియస్ అనే రోమన్ కవి లాటిన్‌లో రాసిన అసంపూర్ణ కావ్యంలో మొదట కనిపిస్తుంది. హోమర్‌కూ ఆయనకూ సుమారు 800 ఏళ్ళ ఎడం. హోమర్ అకిలీస్‌ది మామూలు మనిషి ఒళ్ళే. 21వ సర్గలో ఆస్టరోపయస్ అనే వీరుడు ఎదురుపడతాడు. రెండు చేతులతో ఒకేసారి రెండు ఈటెలు విసరగలవాడు. ఒకటి అకిలీస్ డాలుకు తగిలి ఆగిపోతుంది. రెండోది కుడి మోచేతిని గీరుకుంటూ పోతుంది, నల్లని నెత్తురు చిమ్ముతుంది. వజ్రకాయుడైతే ఆ నెత్తురెక్కడిది? కొత్త కవచం కోసం తల్లి, దేవతల కమ్మరి హెఫైస్టస్ కొలిమి దాకా పరుగెత్తవలసిన అవసరమేమిటి?

ఈ మడమను మీ రచయిత దుర్యోధనుడి తొడలతో పోల్చారు. గాంధారి కళ్ళగంతలు విప్పి చూసిందనీ, చూపు పడిన ఒళ్ళంతా వజ్రమైందనీ, సిగ్గుపడి కప్పుకున్న తొడలు మిగిలిపోయాయనీ చెప్పే కథ కూడా వ్యాసభారతంలో లేదు. అక్కడ గాంధారి చూపు పడింది ధర్మరాజు కాలిగోళ్ళ మీద. కట్టు సందులోంచి పడిన ఆ చూపుకే అవి నల్లబడిపోయాయి. కాబట్టి మూలంలో లేని ఒక కథకు మూలంలో లేని ఇంకో కథను జోడు కుదిర్చారు. జనం అల్లుకున్న కథలంటే నాకు చిన్నచూపు లేదు. ఆఖరి పీరియడ్‌లో పిల్లలు గోల చేస్తుంటే నేనూ అలాంటివి చెప్పి కూర్చోబెట్టాను. ఫలానా కవి రాశాడని పేరు పెట్టి అచ్చు వేయడంతోనే నా పేచీ.

గుర్రం కథ హోమర్ చెప్పకపోలేదు, తన రెండో కావ్యం ‘ఒడిస్సీ’లో చెప్పాడు. వివరంగా కావాలంటే రోమన్ కవి వర్జిల్ ‘ఈనియడ్’ రెండో సర్గ చూడాలి. ఒడిస్సీ 8వ సర్గలో, పరాయి రాజు కొలువులో ఎవరో తెలియని అతిథిగా కూర్చున్న గ్రీకు వీరుడు ఒడిస్సియస్, డెమోడోకస్ అనే అంధ గాయకుణ్ణి అడిగి మరీ ఆ పాట పాడించుకుంటాడు. ఆ గుర్రంలో దాక్కున్నవాడు తనే. పొంగిపోవాలి కదా? ఏడుస్తాడు. ఊరిని కాపాడబోయి కూలిన భర్త మీద పడి ఏడుస్తున్న ఇల్లాలిని, శత్రువులు వెనక నుంచి ఈటెలతో పొడుస్తూ బానిసత్వానికి తోలుకుపోతుంటే, ఆమె ఎలా ఏడుస్తుందో అలా ఏడ్చాడంటాడు హోమర్. మీ పేజీలో ఇదంతా పోయి ‘గ్రీకుల తెలివి’ అన్న శీర్షిక మిగిలింది.

అసలు నాకు బాధ కలిగించింది 24వ సర్గను ఒక్క వాక్యంలో దాటేయడం. స్నేహితుడు పాట్రోక్లస్‌ను చంపాడన్న పగతో అకిలీస్ హెక్టర్ శవాన్ని రథానికి కట్టి, రోజూ తెల్లవారుజామున పాట్రోక్లస్ సమాధి చుట్టూ మూడుసార్లు ఈడుస్తున్నాడు. హెక్టర్ తండ్రి, ట్రాయ్ ముసలి రాజు ప్రియామ్ రాత్రివేళ, 10 టాలెంట్ల (టాలెంట్ అంటే గ్రీకుల తూకం) బంగారం, పన్నెండేసి చొప్పున రకరకాల వస్త్రాలు కంచరగాడిదల బండికెత్తించుకుని శత్రువు గుడారానికి వెళతాడు. మోకాళ్ళు పట్టుకుని, తన కొడుకులను చంపిన ఆ చేతులనే ముద్దుపెట్టుకుంటాడు. నీ తండ్రిని తలచుకో, ఆయనదీ నా వయసే అంటాడు. ఇద్దరూ ఏడుస్తారు, ఎవరి దుఃఖం వారిది.

అంతటితో అకిలీస్ సాధువైపోలేదు. ప్రియామ్ కొడుకు శవం కోసం తొందరపెడితే కళ్ళెర్రజేసి, నన్ను రెచ్చగొట్టకు ముసలాయనా అంటాడు. తన కోపం సంగతి తనకు తెలుసు. అందుకే శవాన్ని తండ్రి కంటపడకుండా వేరే చోట కడిగించమంటాడు. చూసి ఆయన ఏమైనా అంటే తాను ఆగలేక చంపేస్తానేమోనని భయం. తెచ్చిన వస్త్రాల్లోంచి రెండు దుప్పట్లు, ఒక అంగీ శవానికి చుట్టడానికి వదిలిపెడతాడు. తానే ఎత్తి పాడె మీద పడుకోబెడతాడు. గొర్రెను కోయించి ముసలాయనకు అన్నం పెడతాడు. అంత్యక్రియలకు ఎన్నాళ్ళు కావాలని అడుగుతాడు. తొమ్మిది రోజులు ఏడుస్తాం, పదో రోజు దహనం, పదకొండో రోజు సమాధి, తప్పదంటే పన్నెండో రోజు యుద్ధం అంటాడు ప్రియామ్. సరేనంటాడు అకిలీస్. మన యుద్ధకాండలో రావణుడు పడగానే రాముడు ‘మరణాంతాని వైరాణి’, చావుతో పగలు తీరిపోతాయి అనేశాడు. అకిలీస్‌కు ఆ మాట దాకా రావడానికి 12 రోజులు పట్టింది, దేవతలు జోక్యం చేసుకోవలసి వచ్చింది. పన్నెండేళ్ళ పిల్లలకు నా మటుకు అకిలీస్ దగ్గరివాడుగా తోస్తాడు.

పక్కన వేసిన పెట్టెలో ఇంకొక పొరపాటు ఉంది. 1873లో ట్రాయ్ కోసం తవ్వకాలు జరిపిన జర్మన్ ష్లీమన్ తుర్కియేలోని హిసార్లిక్ దిబ్బలో బయటపెట్టిన నగలు ప్రియామ్‌వి కావు. ఆ పేరు ఆయన ఉత్సాహం కొద్దీ పెట్టింది. ట్రాయ్ యుద్ధం జరిగిందనుకునే కాలానికి అవి వెయ్యేళ్ళకు పైగా పాతవి.

వచ్చే నెలలో ఏదో ఒక ఆదివారం ఆ గుడారం కథ పూర్తిగా వేయండి. శవం ఉందని, ఏడుపు ఉందని వెనకాడకండి. మడమకు బాణం దిగిన బొమ్మ రంగుల్లో వేసినవారే కదా మీరు. సవరణ మాత్రం ఈ వారమే రావాలి. మా వీధి పిల్లలు మీ పేజీ కత్తిరించి క్విజ్ పోటీకి బట్టీ పడుతున్నారు.

ఇట్లు,
ఒక విశ్రాంత ఉపాధ్యాయిని,
తెనాలి