ఏడో సంచిక ఆగింది, ఆరోది వెనక్కి తెచ్చివ్వండి

ఈ నెల ఐదో తేదీకల్లా మన బొమ్మల కథ 'కాలం తూము' ఏడో సంచిక మీ చేతికి రావాలి, రాలేదు. ఫోన్ చేసినవాళ్లందరికీ ప్రెస్సులో కరెంటు లేదని చెప్పాను. అది అబద్ధం. కరెంటు ఉంది, ప్రెస్సూ నడిచింది, రెండు ఫారాలూ (పేజీలు అచ్చేసే పెద్ద కాగితాలు) అచ్చయి వచ్చి మా షాపులో స్టూలు పక్కన కట్టలుగా పడి ఉన్నాయి. పిన్ను కొట్టొద్దని ఆపించింది నేనే.

కొత్తగా చందా కట్టినవాళ్ల కోసం కథ కొంచెం చెప్తాను. లస్కర్ తాత కేసీ కెనాల్ (కర్నూలు-కడప కాలువ) మీద షట్టర్లు ఎత్తి దించే మనిషి. ఆయన దగ్గర అరచేతిలో పట్టేంత ఇనప చక్రం ఒకటి, దానికో గాజు గొట్టం, గొట్టంలో నీళ్లు. అదే తూము. (టైం మిషన్ అని పెడదామని బొమ్మలేసే తమ్ముడు వారం రోజులు గొడవ చేశాడు. చెరువు కింద రెండు మళ్లు ఉన్న ఎవరినడిగినా తూమంటే ఏమిటో చెప్తారు, మిషన్ అంటే మాత్రం నాకు రిపేరే గుర్తొస్తుంది.) కథ మూడు కాలాల్లో నడుస్తుంది. 1860లలో ఆ కాలువ తవ్వుతున్న రోజులు, 1953లో కర్నూలు ఆంధ్ర రాష్ట్రానికి రాజధాని అయి ఆఫీసులు డేరాల్లో నడిచిన రోజులు, 2009 అక్టోబరు వరద. ఏదో ఒక కాలంలో జరగకూడనిది జరిగితే గొట్టంలో నీటిమట్టం పెరుగుతుంది. పట్టించుకోకపోతే గండి పడి ఒక కథ ఇంకో కథలోకి పారుతుంది, అంటే 1953 డేరాలో ఫైలు రాసుకుంటున్న గుమాస్తాకు ఉన్నట్టుండి మోకాళ్లదాకా వరద నీళ్లు. తాత ఒక చుట్టు తిప్పితే మట్టం దిగుతుంది, కానీ ఊరికే దిగదు, ఆయన బతుకులో ఒక రోజు పోతుంది. సోమవారం రాత్రి పడుకున్నవాడు బుధవారం లేస్తాడు, మధ్యలో మంగళవారం ఇక ఆయనకు లేదు.

రెండో సంచికలో ఇంకో షరతు పెట్టాం. చక్రం తిప్పాక ఆ రోజు మూసుకుపోయినట్టే, మూసినవాడు కూడా మళ్లీ తెరవలేడు.

ఆరో సంచికప్పుడు తమ్ముడికి డెంగీ, ప్రెస్సువాళ్లకు పెళ్లి పత్రికల సీజను, నాకు టెన్షన్. రాత్రి పన్నెండుకు కూర్చుని చివరి ఆరు పేజీలు తెల్లారేలోపు రాసి పడేశాను. అందులో తాత, తను మూసిన వరద రాత్రినే మళ్లీ తెరిచి, మిద్దె మీద చిక్కుకున్న సొంత తమ్ముణ్ని చెయ్యి పట్టి లాగుతాడు. ఎలా తెరిచాడయ్యా అంటే "తూముకు ఇంకో చక్రం కూడా ఉంది" అని ఒక్క డైలాగు, అంతే. అంతకుముందు ఐదు సంచికల్లో ఎక్కడా కనపడని చక్రం! అన్నిటికంటే ఎక్కువ అమ్ముడుపోయింది ఆ సంచికే. ఏడిపించావన్నా అని మెసేజీలు పెట్టారు, నేనూ కాలర్ ఎగరేసుకుని తిరిగాను.

పోయిన నెలాఖర్లో పదో తరగతి పాప ఒకామె వాళ్లమ్మతో షాపుకొచ్చింది. రెండో సంచిక, ఆరో సంచిక కౌంటర్ మీద పక్కపక్కన పరిచి, ఆ షరతు ఉన్న బొమ్మ మీద ఒక వేలు, కొత్త చక్రం మీద ఒక వేలు పెట్టింది. గోరింటాకు సగం పోయి గోళ్ల మీదే మిగిలింది. తప్పు పట్టుకుందిలే, ఏదైనా పుస్తకం బహుమతిగా ఇద్దామని నేను బీరువా వైపు తిరిగాను. "తాత తెరవగలిగితే మా అవ్వోళ్ల ఇల్లెందుకు పోనిచ్చినాడన్నా?" అంది.

నాకు నోరు రాలేదు. వాళ్లమ్మ మాత్రం మా గోడ చూస్తోంది. మా షాపు కర్నూలు వన్‌టౌన్‌లోనే, రెండుసార్లు రంగు వేయించినా 2009 వరద నీటి గీత ఫ్యాను రెగ్యులేటర్‌కు జానెడు పైన ఇంకా కనపడుతుంది. "మీకు ఈడిదాకానే వచ్చిందా?" అని అడిగి, పాపను తీసుకుని వెళ్లిపోయింది.

తుంగభద్ర, హంద్రీ రెండూ కలిసి ఊరి మీద పడిన వరద అది. 19 లక్షల క్యూసెక్కుల లెక్కకు కట్టిన శ్రీశైలం డ్యాముకు 25 లక్షలకు పైగా వచ్చాయి. తూము తెరుచుకోదు అన్నంతవరకు ఆ పాపకు తాత మీద కోపం లేదు, ఆయనకూ మనకూ ఒకటే గతి అనుకుంది. తెరుచుకుంటుంది అని నేను రాసిన రాత్రి నుంచి, తాత తన తమ్ముణ్ని మాత్రం తెచ్చుకుని మిగతా ఊరినంతా కావాలనే వదిలేసినవాడయ్యాడు. ఏడో సంచిక మొత్తం ఆ రెండో చక్రం మీదే నడుస్తుంది. దాన్ని ఏ ముఖంతో అమ్మేది?

పనిలో పనిగా ఐదో సంచిక తప్పు కూడా ఒప్పేసుకుంటా. తాత ఇప్పటి చేతి గడియారం, కాలువ తవ్వించే ఇంజనీరు నడినెత్తిన ఎండ చూసి పెట్టుకున్న గడియారం సెకనుతో సహా కలిశాయని రాశాను. మన ప్రామాణిక సమయం మొదలైందే 1906లో, అదీ 82.5 డిగ్రీల రేఖాంశానికి. కర్నూలు 78 డిగ్రీల దగ్గరుంది, డిగ్రీకి 4 నిమిషాల లెక్కన సుమారు 18 నిమిషాలు తేడా రావాలి. ఒక రిటైర్డ్ లెక్కల సారు చెప్పారు. దీనికి మళ్లీ అచ్చు వేయను, తొమ్మిదో సంచికలో ఆ 18 నిమిషాలను కథలోకే లాగుతాను.

ఇక డబ్బు సంగతి. ఆపేసిన ఫారాలకు 18 వేలు పోయాయి, ప్రెస్సాయన సగం అప్పు పెట్టుకున్నాడు. లెక్కలు చూసే మా అక్క రెండు రోజులు నాతో మాట్లాడలేదు. ఆరో సంచిక చివరి ఆరు పేజీలు కొత్తగా గీయిస్తున్నాం, నెలాఖరుకు వస్తుంది. పాతది తెచ్చిస్తే కొత్తది ఊరికే ఇస్తాను, పోస్టులో పంపేవాళ్లకు ఛార్జీ నాదే. ఏడోది ఆ తర్వాత నెల. చందాదారులకు పన్నెండు సంచికలూ అందుతాయి, ఆగలేము అనేవాళ్లు అడగండి, మిగిలిన డబ్బు అదే రోజు యూపీఐలో వేస్తాను. 60 రూపాయల ధర ఈ ఏడు పెంచను. పాతదే నచ్చింది, ఇవ్వం అంటే మీ ఇష్టం, కాకపోతే అందులో బతికినవాడు కొత్తదాంట్లో బతకడు, ముందే చెప్తున్నా.

కొత్త పేజీల స్క్రిప్టు ప్రెస్సుకు వెళ్లేముందు ఆ పాపకు పంపాను. మూడు చోట్ల ఎర్ర పెన్నుతో కొట్టేసి ఫొటో పెట్టింది, అందులో రెండు నిజంగానే తప్పులు.

స్టూలు పక్కన కట్టలు ఇంకా అలాగే ఉన్నాయి. ఎదురుగా ఉగ్గాని బజ్జీ బండి ఆయన పొట్లాలకు ఇమ్మన్నాడు కానీ అచ్చు సిరా తినేవాటికి పనికిరాదు, ఇవ్వలేదు. పాత పేపర్లు కొనేవాడు కిలో పద్నాలుగంటున్నాడు. పదహారిచ్చే చోటు ఎవరికైనా తెలిస్తే చెప్పండి.